నౌకాదళం లేని అడ్మిరల్: రాబర్ట్ మోర్లీ

1340 జూన్ 24న ఫ్లాండర్స్ తీరంలోని స్లాయిస్ దగ్గర ఇంగ్లండ్ ఓడలు ఫ్రాన్స్ ఓడల్ని దాదాపు తుడిచిపెట్టేశాయి. ఫ్రెంచివారికి ఉన్న 213 ఓడల్లో 190 ఇంగ్లండ్ చేతికి చిక్కాయి. చనిపోయిన ఫ్రెంచివారు 16 వేల నుంచి 20 వేల దాకా ఉంటారని అంచనా. నూరేళ్ళ యుద్ధంలో ఇంగ్లండ్‌కు ఇదే మొదటి పెద్ద గెలుపు. నాలుగేళ్ళ తర్వాత ఇంగ్లండ్ కొత్తగా వేసిన బంగారు నాణెం మీద కత్తీ డాలూ పట్టుకుని ఓడలో నిలబడ్డ రాజు బొమ్మ ఉంటుంది. గెలుపు ఎవరి ఖాతాలో పడిందో చెప్పడానికి ఆ నాణెం చాలు.

ఆ రోజు ఉత్తర దళానికి అడ్మిరల్ రాబర్ట్ మోర్లీ. నార్ఫోక్ ప్రాంతపు బారన్. ఈ పేరు ఇంగ్లండ్‌లోనే చాలామందికి తెలియదు. డ్రేక్, నెల్సన్ లాంటి పేర్ల పక్కన ఇతన్ని ఎవరూ నిలబెట్టరు. నిలబెట్టినా పొసగదు కూడా. వాళ్ళ వెనక రాజ్యానికి సొంతమైన యుద్ధనౌకలు, జీతాలు తీసుకునే అధికారులు, ఆయుధాగారాలు ఉన్నాయి. మోర్లీ వెనక అవేవీ లేవు. అప్పట్లో అడ్మిరల్ చేసిన పనిలో యుద్ధం చిన్న భాగం. ఓడల్ని పోగుచెయ్యడం, పోగైనవాళ్ళు పారిపోకుండా చూడడం, వాళ్ళలో వాళ్ళు కొట్టుకోకుండా ఆపడం, ఇదంతా అయ్యాక రాజుకు నిజం చెప్పడం అసలు పని. మోర్లీ జీవితాన్ని ఆ కోణంలో చూస్తేనే అతని విలువ తెలుస్తుంది.

పొలాల మధ్య పెరిగిన సముద్ర సేనాని

మోర్లీ 1290ల మధ్యలో పుట్టాడు. 1317 నుంచి పార్లమెంటు సమావేశాలకు పిలుపు అందుకున్నాడు. హింగమ్ మార్షల్ వంశపు వారసురాలు హవీస్‌ను పెళ్ళి చేసుకోవడంతో ఐర్లండ్ మార్షల్ అనే వంశపారంపర్య పదవి కూడా అతనికి వచ్చింది. నార్ఫోక్, సఫోక్, ఎసెక్స్ వైపు భూములున్న కుటుంబం. అంటే తూర్పు తీరపు రేవులకు దగ్గర మనిషి. ముఖ్యంగా యార్మత్‌కు. హెరింగ్ చేపల వ్యాపారం మీద బతికే ఆ ఊరు అప్పటికి ఇంగ్లండ్‌లో ఓడలు బాగా ఉన్న రేవుల్లో ఒకటి.

అతను ఓడ నడిపిన మనిషి అని ఎక్కడా కనబడదు. అది వింత కాదు. 1294-95లో మొదటి ఎడ్వర్డ్ కాలంలో ఇంగ్లండ్ తీరాన్ని అడ్మిరల్ల కింద పంచడం మొదలైంది. థేమ్స్ ముఖద్వారం నుంచి పైకి ఉత్తర దళం, అక్కడి నుంచి దక్షిణంగా, పడమరగా ఉన్న రేవులన్నీ పశ్చిమ దళం. తొలి రోజుల్లో ఈ పదవి కొన్నిసార్లు నిజమైన ఓడల యజమానులకే దక్కింది. 1300లో వించెల్సీకి చెందిన జర్వేస్ అలార్డ్, 1320లలో యార్మత్ వ్యాపారి జాన్ పెర్‌బ్రౌన్ అలాంటివాళ్ళు. సముద్రం వాళ్ళకు ఇంటి వాకిలి లాంటిది. చిక్కల్లా ఒక ఎర్ల్ గారు తన పటాలంతో ఓడ ఎక్కాక చేపల వ్యాపారి మాట వింటాడా అన్న దగ్గరే. ఓడల్లో ఎక్కేది నైట్లు, విలుకాళ్ళు. వాళ్ళు హోదాకు తప్ప నైపుణ్యానికి తలవంచే మనుషులు కాదు. అందుకే యుద్ధం ముదిరేకొద్దీ పదవి బారన్ల చేతికి పోయింది. మోర్లీ ఆ మలుపులో వచ్చినవాడు. హోదా అతనిది, సముద్రపు తెలివి పక్కనున్నవాళ్ళది. ఆ తెలివి ఎవరి దగ్గరుందో గుర్తుపట్టి వాళ్ళ మాట వినడం అతని బలం.

రాజుగారికి ఓడలు కావాలి

అప్పటి పద్ధతి ఇలా ఉండేది. రాజుకు సొంత ఓడలు కొన్నే. యుద్ధం వస్తే వ్యాపారుల ఓడలే దిక్కు. రాజ కచేరీ నుంచి ఆజ్ఞాపత్రం వస్తుంది. అడ్మిరల్ మనుషులు, రాజుగారి సాయుధ సార్జెంట్లు రేవు రేవూ తిరుగుతారు. ఎన్ని పీపాల వైన్ పడుతుందన్నది ఓడ సైజుకు కొలత. ఆ కొలతకు మించిన ఓడలన్నిటినీ పట్టి ఉంచుతారు. సరుకు దించెయ్యాలి. ఫలానా తేదీకి ఫలానా చోటికి వస్తానని ఓడ సారంగు మాట ఇవ్వాలి. గుర్రాలు ఎక్కించే ఓడైతే లోపల తడికలు కట్టి అరలు చెయ్యాలి. పోరాడే ఓడైతే ముందూ వెనకా చెక్కతో బురుజులు లేపాలి. ఉన్ని, వైన్, ఉప్పు మోసే ఓడ కొన్ని రోజుల్లో యుద్ధనౌక అయిపోతుంది.

సరంజామా అంతా బాగానే ఉంది, డబ్బు సంగతేమిటి? మామూలు నావికుడికి రోజుకు 3 పెన్స్, సారంగుకు 6 పెన్స్, కుర్రాళ్ళకు ఒకటిన్నర. మోర్లీ హోదా ఉన్న బానరెట్ నైట్‌కు, అంటే సొంత జెండా కింద దళాన్ని నడిపే నైట్‌కు, రోజుకు 4 షిల్లింగులు, అంటే 48 పెన్స్. పదహారుమంది నావికుల కూలి. ఓడ యజమానికి మాత్రం అద్దె ఏమీ లేదు. నెలల తరబడి ఓడ రేవులో కట్టేసి ఉన్నా, గాలి కోసమో రాజు కోసమో ఎదురుచూస్తూ కూర్చున్నా నష్టం అతనిదే. ఓడ మునిగితే కూడా అతనిదే. పార్లమెంటులో దీని మీద పదేపదే ఫిర్యాదులొచ్చాయి. పీపాల లెక్కన కాస్త పరిహారం ఇవ్వడం 1380లలో గానీ మొదలుకాలేదు. అప్పటికి మోర్లీ పోయి ఇరవై ఏళ్ళు.

ఇలా పట్టుకొచ్చిన ఓడ మీద అడ్మిరల్‌కు ఎంత పట్టు ఉంటుంది? చాలా తక్కువ. 1342లో బ్రిటనీ దండయాత్రకు సైన్యాన్ని మోసుకెళ్ళిన ఓడల్లో చాలా వాటి సారంగులు రాజును అక్కడే వదిలేసి ఇంటిదారి పట్టారు. వాళ్ళను దేశద్రోహులనడం సులువే గానీ, వాళ్ళ వైపు నుంచి చూస్తే శరదృతువు వైన్ బేరం పోతే ఆ ఏడాది బతుకే పోయినట్టు.

మరో తలనొప్పి రేవుల మధ్య పగలు. ఆగ్నేయ తీరంలో హేస్టింగ్స్, న్యూ రోమ్నీ, హైత్, డోవర్, శాండ్‌విచ్ అనే అయిదు రేవుల కూటమి ఉండేది, సింక్ పోర్ట్స్ అని పేరు. పన్ను మినహాయింపులకు బదులుగా ఏడాదికి 15 రోజులు సొంత ఖర్చుతో 57 ఓడలు ఇవ్వాలన్నది పాత ఒప్పందం. వీళ్ళకూ యార్మత్‌కూ హెరింగ్ సంత దగ్గర తరాల వైరం. 1297లో మొదటి ఎడ్వర్డ్ ఫ్లాండర్స్‌లో దిగుతుండగా, ఆయన కళ్ళముందే, ఈ రెండు పక్షాల ఓడలూ ఒకదాన్నొకటి తగలబెట్టుకున్నాయి. శత్రువు ఇంకా కనబడనే లేదు. అది జరిగింది కూడా స్లాయిస్ పరిసరాల్లోనే. 43 ఏళ్ళ తర్వాత అదే నీళ్ళలోకి అవే రెండు పక్షాలను నడిపించాల్సి వచ్చింది మోర్లీకి.

భయపడ్డ తీరం

1338లో ఇంగ్లండ్ సముద్రంలో చావుదెబ్బ తింటోంది. మార్చిలో పోర్ట్స్‌మత్ కాలింది. సెప్టెంబర్‌లో గ్వెర్న్‌సీ దీవి పోయింది. అదే నెల 23న ఆర్న్‌మాయిడెన్ దగ్గర అయిదు పెద్ద ఓడలు శత్రువుకు చిక్కాయి. వాటిలో అప్పటి రాజు మూడో ఎడ్వర్డ్‌కు ఇష్టమైన క్రిస్టఫర్ ఒకటి. దాని మీద మూడు ఇనుప ఫిరంగులు ఉన్నాయి కాబట్టి సముద్ర యుద్ధంలో ఫిరంగి వాడిన మొదటి సందర్భాల్లో దీన్ని లెక్కిస్తారు. ఫిరంగులున్నా ఫలితం లేకపోయింది. అక్టోబర్‌లో సౌతాంప్టన్‌ను ఫ్రెంచి, జెనోవా దళాలు దోచుకుని తగలబెట్టాయి. ఉన్ని ఎగుమతి మీద బతికే రాజ్యానికి ఇది గుండెల మీద దెబ్బ.

ఈ పరిస్థితిలో, 1339 ఫిబ్రవరిలో, మోర్లీని ఉత్తర దళానికి అడ్మిరల్‌గా నియమించారు. ఆ వసంతంలో అతని ఓడలు ఫ్లాండర్స్ తీరం దగ్గర ఫ్రాన్స్ సరుకు ఓడల మీద పడ్డాయి. దాడి ఫలించింది, కానీ నావికులు శత్రువుల ఓడలతో ఆగలేదు. యుద్ధంతో సంబంధం లేని వ్యాపారుల సరుకూ దోచేశారు. ఫ్లాండర్స్‌ను తన వైపు తిప్పుకోవాలని ఎడ్వర్డ్ చూస్తున్న సమయమది. చివరికి రాజ ఖజానా నుంచే పరిహారం కట్టాల్సి వచ్చింది. దీన్ని మోర్లీ వైఫల్యంగా రాసెయ్యొచ్చు. కానీ ఓడకు అద్దె ఇవ్వని రాజు, కూలి అంతంతమాత్రంగా ఇచ్చే రాజు, దోపిడీ చెయ్యొద్దని నావికులకు చెప్పడం ఎలా? దోపిడీలో వాటానే వాళ్ళకు అసలు జీతం.

అదే వేసవిలో మోర్లీ దళం ఫ్రాన్స్ తీరంలోని ఓ (Ault), లె ట్రెపోర్ అనే ఊళ్ళను తగలబెట్టింది. సౌతాంప్టన్‌కు బదులు తీర్చుకోవడమన్నమాట. ఒక సంగతి గమనించాలి. ఆ ఊళ్ళలో చచ్చినవాళ్ళు సౌతాంప్టన్‌ను కాల్చినవాళ్ళు కారు. మధ్యయుగపు సముద్ర యుద్ధంలో ఎక్కువ భాగం ఇదే: నిద్రలో ఉన్న చేపలవాళ్ళ ఊరి మీద పడడం. దానికి సాంకేతిక కారణం కూడా ఉంది. అప్పటి కాగ్ అనే ఓడకు ఒకే స్తంభం, ఒకే చదరపు తెరచాప. ఎదురుగాలిలో అది దాదాపు పనికిరాదు. జనం కిక్కిరిస్తే నీళ్ళూ తిండీ కొన్ని రోజులకే సరిపోతాయి. కాబట్టి నడిసముద్రంలో కాపలా కాసి శత్రువును అడ్డుకోవడం అయ్యే పని కాదు. శత్రువు ఎక్కడ లంగరు వేశాడో తెలిస్తే అక్కడికి వెళ్ళి కొట్టడమే దారి. స్లాయిస్ యుద్ధం రేవులో జరగడానికి ఇదే మూలం.

ఫ్రాన్స్‌కు అదృష్టం కూడా తిరగబడింది. రువాన్‌లో 1290ల నుంచీ రాజుకు సొంత నౌకాశాల ఉన్నా, తెడ్లతో నడిచే వేగవంతమైన గాలీల కోసం ఆరో ఫిలిప్ జెనోవా కిరాయి నావికుల్ని నమ్ముకున్నాడు. 1339లో జీతాలు అందక వాళ్ళు తిరగబడ్డారు, చాలామంది ఇంటికి వెళ్ళిపోయారు. ఆ కోపం జెనోవాలో రాజకీయ తిరుగుబాటుకు తోడై అక్కడ సిమోనె బొకానెగ్రా మొదటి డోజ్‌గా పాలకుడయ్యాడు. ఫ్రాన్స్ రాజు బకాయిపడ్డ కూలి ఇటలీలో ఒక ప్రభుత్వాన్ని మార్చేసింది. 1340 వచ్చేసరికి ఫ్రెంచి దళంలో మిగిలిన గాలీలు ఆరే.

ఆర్వెల్‌లో జరిగిన గొడవ

1340 జనవరిలో ఎడ్వర్డ్ గెంట్ నగరంలో తనను తాను ఫ్రాన్స్ రాజుగా ప్రకటించుకున్నాడు. తర్వాత డబ్బు కోసం ఇంగ్లండ్ వచ్చాడు. భార్య ఫిలిప్పా, చంటిబిడ్డ గెంట్‌లోనే ఉన్నారు. జూన్‌లో తిరిగి వెళ్ళడానికి సఫోక్ తీరంలోని ఆర్వెల్ నదీముఖం దగ్గర కొద్దిపాటి ఓడలతో సిద్ధమయ్యాడు. అంతలో చాన్సలర్‌గా ఉన్న ఆర్చ్‌బిషప్ స్ట్రాట్‌ఫర్డ్ వార్త తెచ్చాడు: ఫ్రెంచి దళం మొత్తం స్లాయిస్‌లో కాచుకుని ఉంది, వెళ్తే చావే. రాజు నమ్మలేదు. మాటా మాటా పెరిగి స్ట్రాట్‌ఫర్డ్ రాజముద్ర అప్పగించి వెళ్ళిపోయాడు.

అప్పుడు రాజు మోర్లీని, జాన్ క్రాబ్‌ను పిలిపించాడు. ఆ కాలపు చరిత్రకారుడు రాబర్ట్ ఆఫ్ ఏవ్‌బరీ చెప్పినదాని ప్రకారం, ఇద్దరూ ఆర్చ్‌బిషప్ మాటే చెప్పారు. రాజుకు ఒళ్ళు మండింది. మీరంతా కూడబలుక్కుని నన్ను ఆపాలని చూస్తున్నారు, భయపడేవాళ్ళు ఇంట్లో కూర్చోండి అన్నాడు. మోర్లీ, క్రాబ్ వెనక్కి తగ్గలేదు. తలలు పణంగా పెట్టి చెబుతున్నాం, ఇలా వెళ్తే మీకూ మీతో వచ్చేవాళ్ళకూ ప్రాణాపాయం తప్పదు అన్నారు. అయినా వెళ్తానంటే మాత్రం మీకంటే ముందు మేమే వెళ్తాం, చావుకైనా సరే అని కూడా అన్నారు. రాజు చల్లబడ్డాడు. ఆర్చ్‌బిషప్‌ను వెనక్కి పిలిపించాడు. ఉత్తర, దక్షిణ రేవుల నుంచి, లండన్ నుంచి దొరికిన ప్రతి పెద్ద ఓడనూ రప్పించమని ఆజ్ఞలు వెళ్ళాయి. పట్టుమని రెండు వారాలు కాకుండానే ఓడల సంఖ్య 120 నుంచి 150 దాకా చేరింది.

మోర్లీ జీవితంలో అతి ముఖ్యమైన ఘడియ ఇదేననిపిస్తుంది, స్లాయిస్ కంటే కూడా. రాజుకు ఎదురుచెప్పడానికి బిషప్‌కు చర్చి అండ ఉంది. మోర్లీకి అలాంటిదేమీ లేదు. పైగా 27 ఏళ్ళ రాజు పిరికితనం అంటగడుతున్నాడు. నైట్‌కు అంతకంటే పెద్ద తిట్టు లేదు. ఆ తిట్టు పడి కూడా మాట మార్చకపోవడం, మార్చకుండానే విధేయత చూపడం సామాన్యం కాదు. ఎడ్వర్డ్ మొదట అనుకున్నట్టు కొద్ది ఓడలతోనే బయల్దేరి ఉంటే ఆ నాణెం మీద బొమ్మ వేరేగా ఉండేది.

మోర్లీ పక్కన నిలబడ్డ క్రాబ్ గురించి కొంచెం చెప్పుకోవాలి, ఎందుకంటే ఇతని కథ ముందు మోర్లీ కథ చప్పగా ఉంటుంది. క్రాబ్ పుట్టింది స్లాయిస్ దగ్గరే, ఫ్లాండర్స్‌వాడు. 1306 ప్రాంతంలో లా రొషెల్ దగ్గర డోర్డ్రెక్ట్ వ్యాపారి ఓడను దోచిన సముద్రపు దొంగ. తర్వాత స్కాట్లండ్ చేరి ఇంగ్లిష్ ఓడల్ని పీడించాడు. 1319లో ఇంగ్లిష్ సైన్యం బెర్విక్‌ను ముట్టడిస్తే ఇతని యంత్రాలే కోటను కాపాడాయి. 1332లో ఇంగ్లండ్‌కు ఖైదీగా చిక్కాడు. పార్లమెంటులో ఇతని తల కావాలన్న కేకలు లేచాయి. ఎడ్వర్డ్ వేరేగా ఆలోచించాడు. పట్టుకున్న వాల్టర్ మానీకి 1,000 మార్కులు ఇచ్చి ఖైదీని కొనుక్కున్నాడు. మరుసటి ఏడాది అదే బెర్విక్‌ను పట్టుకోవడానికి క్రాబ్ తెలివినే వాడాడు. దొంగ దగ్గరే తాళం చెవి ఉందని గుర్తించిన రాజు, ఆ దొంగతో కలిసి పనిచెయ్యడానికి నామోషీ పడని బారన్. స్లాయిస్ రేవు లోతుపాతులు క్రాబ్‌కు తెలిసినంతగా ఇంగ్లిష్ దళంలో మరెవరికి తెలిసుంటాయి?

స్లాయిస్

జూన్ 22న ఆర్వెల్ నుంచి ఓడలు కదిలాయి. 23న బ్లాంకెన్‌బెర్గ్ దగ్గర లంగరు వేసి, కొందరు నైట్లను శత్రువు సంగతి చూసి రమ్మని ఒడ్డుకు పంపారు. వాళ్ళు చూసింది జ్విన్ నది ముఖంలో మూడు వరుసలుగా, గొలుసులతో ఒకదానికొకటి కట్టేసిన ఓడల గోడ. ముందు వరుసలో తమ దగ్గర్నుంచి పోయిన క్రిస్టఫర్.

ఫ్రెంచి దళానికి నాయకులు ఇద్దరు. అడ్మిరల్ హ్యూగ్ కియెరె, ఇంకొకరు పన్నుల శాఖ నుంచి ఎదిగిన నికొలా బెహుషే. జెనోవా గాలీల నాయకుడు బార్బవేరా వాళ్ళకు ముందే చెప్పాడు, ఇక్కడ ఇరుక్కుంటే గాలి, ఎండ, ఆటుపోట్లు అన్నీ ఇంగ్లిష్‌వాళ్ళ పక్షమవుతాయి, నడిసముద్రంలోకి వెళ్దామని. వాళ్ళు వినలేదు. పోల్చి చూస్తే ఇదే అసలు తేడా. రెండు వైపులా సముద్రం తెలిసినవాడు హెచ్చరించాడు. ఒక వైపు విన్నారు, ఇంకో వైపు వినలేదు. బెహుషేను లెక్కల గుమాస్తా అని వెక్కిరించడం చరిత్రలో మామూలైపోయింది గానీ, అది పూర్తిగా న్యాయం కాదు. ఎడ్వర్డ్ ఒడ్డు చేరకుండా అడ్డుకోవడం వాళ్ళ పని. నదీముఖాన్ని మూసెయ్యడం ఆ పనికి సరిపోయే ఉపాయంగానే కనిపించి ఉంటుంది. పైగా 19 వేల మందిలో క్రాస్‌బో విలుకాళ్ళు 500, కవచధారులు 150 మాత్రమే. మిగతావాళ్ళు నార్మండీ నావికులు, చేపలవాళ్ళు. అలాంటివాళ్ళను గొలుసుతో కట్టి నిలబెడితే పారిపోరన్న ఆశ కూడా ఉండి ఉండొచ్చు.

ఇంగ్లిష్‌వాళ్ళు మధ్యాహ్నం దాకా ఆగారు. సూర్యుడు వెనక్కి వచ్చాడు, గాలి, పోటు అనుకూలించాయి. ఈలోగా ఫ్రెంచి ఓడలు నెమ్మదిగా తూర్పుకు కొట్టుకుపోయి ఒకదాని మీద ఒకటి పడి గొలుసులు చిక్కుపడ్డాయి. వాటిని విప్పుకునే గందరగోళంలో ఉండగా దాడి మొదలైంది. లండన్‌లో రాసిన ఒక క్రానికల్ ప్రకారం ముందుగా శత్రువును తాకింది మోర్లీ ఓడే. వెనకాలే హంటింగ్డన్ ఎర్ల్, నార్తాంప్టన్ ఎర్ల్, వాల్టర్ మానీ ఓడలు. ఆర్వెల్‌లో మీకంటే ముందు వెళ్తామన్న మాట అక్షరాలా నిలబెట్టుకున్నాడని చరిత్రకారులు ఇష్టంగా రాస్తారు. నిజానికి ఉత్తర దళం ముందుండడం యుద్ధ ఏర్పాటులో భాగమే కావొచ్చు.

ఆ తర్వాత జరిగింది సముద్ర యుద్ధం కన్నా కోట మీది పోరులా సాగింది. ఓడ పక్కకు ఓడ చేర్చి, కొక్కేలు వేసి లాగి, బురుజుల మీంచి బాణాలు కురిపించి, చివరికి కత్తులతో ఎక్కడం. ఇంగ్లిష్ పొడవాటి విల్లు క్రాస్‌బో కన్నా చాలా వేగంగా బాణం వదులుతుంది, ఇరుకు డెక్కు మీద గురి తప్పినా ఎవరికో ఒకరికి తగులుతుంది. క్రిస్టఫర్‌ను తిరిగి పట్టుకున్నారు. కియెరెను చంపేశారు. పోర్ట్స్‌మత్‌ను కాల్చిన బెహుషేను ఓడ స్తంభానికి ఉరితీశారు. చీకటి పడ్డాక కూడా పోరు ఆగలేదు. తెల్లవారాక పట్టుబడిన సెయింట్ జేమ్స్ అనే ఓడలో 400 శవాలు కనబడ్డాయి. ఒడ్డుకు ఈదిన ఫ్రెంచివాళ్ళను ఫ్లాండర్స్ జనం చంపేశారు. బార్బవేరా మాత్రం తన గాలీలతో జారుకున్నాడు. స్పౌడెవిష్ అనే కెప్టెన్ కొన్ని ఓడలతో రాత్రికి రాత్రి తప్పించుకుంటే అతని వెంట 40 ఓడలతో క్రాబ్‌ను పంపారు.

ఫిలిప్ రాజుకు ఈ వార్త చెప్పే ధైర్యం ఎవరికీ లేకపోతే విదూషకుడు చెప్పాడట: ఇంగ్లిష్‌వాళ్ళు ఉత్త పిరికిపందలు, మన వీరుల్లా సముద్రంలోకి దూకలేదు అని. కథ నిజమో కాదో గానీ, గెలిచినవాళ్ళ పక్షాన బాగా చెల్లింది.

గెలుపు తర్వాత ఏమొచ్చింది

చాలా తక్కువ. ఎడ్వర్డ్ తూర్నే నగరాన్ని ముట్టడించి, డబ్బు అయిపోయి, సెప్టెంబర్‌లో సంధి చేసుకున్నాడు. ఫ్రెంచి ఓడలు మళ్ళీ ఇంగ్లిష్ తీరం వైపు రావడానికి ఎంతో కాలం పట్టలేదు. సముద్రం మీద అధికారం అంటూ ఒకసారి గెలిచి దాచుకునేది అప్పట్లో ఏదీ లేదు. గెలిచిన మర్నాటి నుంచే ఓడలు తమ తమ వ్యాపారాలకు వెళ్ళిపోతాయి. మళ్ళీ కావాలంటే మళ్ళీ ఆజ్ఞాపత్రాలు, సార్జెంట్లు, గొడవలు.

స్లాయిస్ నుంచి నిజంగా మిగిలినది అంత గొప్పగా కనిపించని పని ఒకటి. దోపిడీ సొత్తు పంపకాలు, తటస్థుల ఫిర్యాదులు, ఓడల్లో నేరాలు, వీటన్నిటినీ మామూలు న్యాయస్థానాలు తేల్చలేకపోతున్నాయి. 1340, 1357 మధ్య అడ్మిరల్ ముందు ఇలాంటి తగవులు తీర్చే ప్రత్యేక న్యాయస్థానం రూపుదిద్దుకుంది. 1389 నాటికి అది ఎంత ముదిరిందంటే, ఒడ్డు మీది వ్యవహారాల్లో వేలు పెట్టొద్దని పార్లమెంటు చట్టం చెయ్యాల్సి వచ్చింది. ఈ అడ్మిరల్టీ న్యాయం బ్రిటిష్ పాలనతో మన దేశానికీ వచ్చింది. విక్టోరియా కాలపు చట్టాల్ని 2017లో కొత్త అడ్మిరల్టీ చట్టంతో మార్చినప్పుడు ఆ అధికారం దక్కిన హైకోర్టుల్లో అప్పటి హైదరాబాద్ ఉమ్మడి హైకోర్టు కూడా ఉంది. విశాఖ రేవులో బాకీ ఎగవేసిన విదేశీ ఓడను హైకోర్టు ఆజ్ఞతో నిలిపేయడం వెనక ఈ పాత వారసత్వమే ఉంది.

మోర్లీ తర్వాత కూడా అడ్మిరల్‌గా పనిచేశాడు, మధ్యమధ్య ఇతరులు వచ్చినా. 1347లో ఫ్రాన్స్ రేవు పట్టణం కలే ముట్టడికి పోగైన 700 పైచిలుకు ఓడల జాబితాలో రాజు సొంత ఓడలు 25 ఉంటే, ఒక్క యార్మత్ నుంచే 43 ఉన్నాయి, ఫోవీ నుంచి 47. ఈ నిష్పత్తి చూస్తే అడ్మిరల్ ఎవరి మీద ఆధారపడి బతికాడో తెలుస్తుంది.

అతనికి మాత్రం ఇవన్నీ అంత ముఖ్యం కాదేమో. 1343 వేసవిలో లండన్ స్మిత్‌ఫీల్డ్‌లో అతను మూడు రోజుల టోర్నమెంటు నడిపాడు. సవాలు చేసే జట్టు పోప్, పన్నెండుమంది కార్డినల్స్ వేషాల్లో బరిలో దిగింది. ఇంగ్లండ్ చర్చి పదవుల్ని అవిన్యోన్ పోప్ తన మనుషులకు పంచుతున్నాడని పార్లమెంటు మండిపడుతున్న ఏడాది అది. కాబట్టి వేషం వట్టి సరదా కాదు. జనం ఏమనుకుంటున్నారో మోర్లీకి బాగా తెలుసు.

కలే ముట్టడిలో అతను పోరాడిన ఒక పోరాటం ఫ్రెంచివారితో కాదు. తెల్ల నేల మీద బంగారు కిరీటం పెట్టుకున్న నల్ల సింహం అతని జెండా గుర్తు. అదే గుర్తు తనదని నికొలస్ బర్నెల్ అనే మరో ప్రభువు అక్కడే వ్యాజ్యం వేశాడు. ఓడిపోతే ఇక రాజు యుద్ధాల్లో కత్తి పట్టనని మోర్లీ మొండికేశాడు. అనుభవజ్ఞుణ్ణి పోగొట్టుకోవడం ఇష్టంలేని ఎడ్వర్డ్ మధ్యవర్తులతో బర్నెల్‌ను ఒప్పించాడు: మోర్లీ బతికున్నంతకాలం వాడుకోనీ అని. చావుకు జంకని మనిషి సింహం బొమ్మ కోసం కొలువు వదిలేస్తానన్నాడు. ఇప్పటి కళ్ళకు ఇది పిల్లచేష్టలా ఉంటుంది. కానీ యుద్ధరంగంలో ముఖం కనబడని ఇనుప మనిషికి ఆ గుర్తే పేరు, ఊరు, పరువు. వింతేమిటంటే మోర్లీ గురించి మనకు తెలిసినదాంట్లో కొంత ఈ తగాదా పుణ్యమే. 1386లో బర్నెల్ పక్షపు వారసుడు లవెల్ ప్రభువు, మోర్లీ మనవడి మీద మళ్ళీ కేసు వేశాడు. ఆ గుర్తుతో పెద్ద మోర్లీని యుద్ధాల్లో చూశామని పాత సైనికులు వచ్చి సాక్ష్యం చెప్పారు. 46 ఏళ్ళనాటి స్లాయిస్ కూడా ఆ వాంగ్మూలాల్లో ఉంది.

1359 శరదృతువులో ఎడ్వర్డ్ చివరి పెద్ద దండయాత్రకు బయల్దేరితే మోర్లీ వెంట వెళ్ళాడు. అరవై దాటిన వయసు. సైన్యం రీమ్స్‌ను పట్టుకోలేక బుర్గుండీలోకి దిగింది. 1360 మార్చి 10న గియోన్ దగ్గర బుర్గుండీ పాలకులు 2,00,000 బంగారు నాణేలు ఇస్తామని రాసిచ్చి ఆ సైన్యాన్ని వదిలించుకున్నారు. ఆ నెలలోనే మోర్లీ అక్కడ చనిపోయాడు. సముద్రానికి చాలా దూరంలో. అదే నెల 15న ఫ్రెంచి దళం ఒకటి ఛానల్ దాటి వచ్చి, మొదటి అడ్మిరల్లలో ఒకడైన అలార్డ్ సొంతూరు వించెల్సీని తగలబెట్టింది. ఓడల్ని పోగుచెయ్యమని రేవులకు మళ్ళీ ఆజ్ఞలు వెళ్ళాయి.